బీరువాలో బిస్కట్లు

అక్టోబరు 24, శుక్రవారం

జలుబు ఇంకా తగ్గలేదు.

అక్టోబరు 25, శనివారం

నా వామాకు కుండీ మీద చెయ్యి పడింది. దగ్గొచ్చినప్పుడు కషాయానికని పెరట్లో పెంచుకుంటున్న మొక్క. కోడలు జెన్నీ పొద్దున్నే వెళ్ళి గుప్పెడు ఆకులు తుంచుకొచ్చి గిన్నెలో కడుగుతోంది. ఏమిటమ్మా ఇది అంటే షార్ట్‌బ్రెడ్ బిస్కట్లలో వేస్తుందట. దబ్బకాయ తొక్క కూడా తురిమి వేస్తుందట. ఫోన్లో ఎవరో తెల్లావిడ రోజ్‌మేరీ ఆకూ, నారింజ తొక్కా వేసి చేసి చూపించిందట.

"రోజ్‌మేరీ మన నర్సీపట్నంలో ఎక్కడ దొరుకుతాది అత్తయ్యా? వామాకు ఉంది కదా" అంది.

మా అమ్మ మిషన్ బంగళాలో వంటపని చేస్తూ మిస్సమ్మగారి దగ్గర నేర్చుకున్న బిస్కట్లు అవి. పంచదార ఒక వంతు, వెన్న రెండు, మైదా మూడు, చిటికెడు ఉప్పు. నాకు ఊహ తెలిసినప్పటి నుంచి మా ఇంట్లో క్రిస్మస్‌కి అదే కొలత. అందులో ఆకులూ తొక్కలూ వెయ్యడానికి ఇదేమన్నా పచ్చడా? ఆ మాటే అన్నాను. "తిన్నాక తిట్టండి అత్తయ్యా, ఇప్పుడే ఎందుకు" అని నవ్వింది. ఆ పిల్లకి నేనంటే భయం లేదు. ఆస్పత్రిలో కొత్త డాక్టర్లు కూడా సిస్టర్ కృపాజ్యోతి వస్తోందంటే పక్కకి తప్పుకునేవారు. జూన్‌లో రిటైరయ్యాక ఇంట్లో నన్ను చూసి పక్కకి తప్పుకునేది పిల్లి ఒక్కటే.

ఓవెన్ లోంచి తీసి ఒకటి నా చేతిలో పెట్టింది. తిన్నాను. తీపి తెలిసింది. ఉప్పు తెలిసింది. పళ్ళ కింద గుల్లగా విరిగింది. అంతే.

"వామాకు ఎక్కువైంది" అన్నాను.

దాని మొహం చిన్నబోయింది. ఇప్పుడు దానికి నాలుగో నెల. కడుపు నిలిచినప్పటి నుంచి అన్నీ కంపే, అన్నం ఉడికినా, సబ్బు రాసుకున్నా, వాళ్ళాయన పక్కన కూర్చున్నా. "నా ముక్కుని నేనే నమ్మలేకపోతన్నాను అత్తయ్యా. మీరు చెప్పిందే లెక్క" అంది.

జలుబు తగ్గితే నాకూ సరిగ్గా తెలుస్తుంది. ఆగస్టులో వచ్చిన జ్వరం తాలూకు జలుబు ఇది. కొంతమందికి ఆలస్యంగా పోతుంది.

అక్టోబరు 27, సోమవారం

లేవగానే మా నర్సింగ్ ట్రైనింగ్ బ్యాచ్ పేర్లు వరసగా చెప్పుకున్నాను. ఇరవై రెండు మంది. ఇరవై ఒక్క పేర్లు వచ్చాయి. ఇరవై రెండోది రాలేదు. పళ్ళు తోముకుంటూ ఆలోచించాను, టీ తాగుతూ ఆలోచించాను, మా ఆయన ఏదో అడిగితే విసుక్కున్నాను. మధ్యాహ్నం అన్నంలో చారు పోసుకుంటుంటే వచ్చింది. తలుపులమ్మ. పాడేరు వైపు పోస్టింగ్ వేశారని గోలగోలగా ఏడ్చిన పిల్ల.

వచ్చింది కదా. ఇంకేమిటి.

అక్టోబరు 29, బుధవారం

తుపాను వాన. కరెంటు లేదు. అంత వానలోనూ గొడుగేసుకుని పక్కింటి రోజారమణి వచ్చింది. ఎలిమెంటరీ స్కూలు హెడ్మిస్ట్రెస్, ఇవాళ బడులకి సెలవిచ్చారు, ఊరికే కూర్చోలేదు. ముప్పై ఏళ్ళుగా నా ప్రాణం తీస్తున్న స్నేహితురాలు. కార్తీక మాసం కాబట్టి మా ఇంట్లో మంచినీళ్ళు తప్ప ముట్టదు, మా గిన్నెలన్నిటికీ గుడ్ల నీసు అంటుకుని ఉంటుందని దాని అనుమానం.

జెన్నీ డబ్బా మూత తీసి ఆవిడ ముందు పెట్టింది.

"గుడ్డు లేదు కదే?" అంది రోజారమణి.

"లేదండీ. షార్ట్‌బ్రెడ్‌లో గుడ్డే ఉండదు. వెన్న, పంచదార, మైదా, అంతే. గిన్నె కూడా కొత్తది."

సగం విరిచి నోట్లో వేసుకుంది. కళ్ళు పెద్దవి చేసింది. "ఓలమ్మ, ఇదేటి కృపా! ఎంత బాగుంది! ముందర దబ్బకాయ వాసన, ఎనకాల్నించి వామాకు వాసన. ఇన్నాళ్ళూ మాకు పెట్టకుండా దాచుకున్నావేటి?"

వామాకు ఎక్కువైందా అని జెన్నీ అడిగింది, నా వైపు చూడకుండా.

"ఎక్కువేటి, సరీగ్గా ఉంది!"

ఎనిమిదో తారీఖు రెండో శనివారం, బలిఘట్టం దగ్గర వాళ్ళ మరిది జీడితోటలో టీచర్లందరూ కుటుంబాలతో వనభోజనాలు. వందమంది. అందరికీ రెండేసి బిస్కట్లు చేసి ఇమ్మని రోజారమణి అక్కడికక్కడే అడిగేసింది. జెన్నీకి ఇదే మొదటి ఆర్డరు. ఇంటి నుంచే బిస్కట్లు చేసి అమ్మాలని పెళ్ళయినప్పటి నుంచి దాని కోరిక, ఆ ఓవెన్ కూడా దాని పుట్టింటివాళ్ళు అందుకే కొనిచ్చారు. నా రెండు చేతులూ పట్టుకుని ఊపింది. "మీరు పక్కనుంటే చేసేస్తాను అత్తయ్యా, మీరు వాసన చూసి చెప్పండి చాలు" అంది.

నాకు కాస్త కడుపుమంటగానే ఉంది, ఇక్కడ రాసుకోకపోతే ఎక్కడ రాసుకుంటాను. నేను చేసిన బిస్కట్లు తిని రోజారమణి ఎప్పుడూ అలా కళ్ళు పెద్దవి చెయ్యలేదు.

నవంబరు 1, శనివారం

రేపు చర్చిలో ప్రభువు బల్ల. తెల్లచీర ఇస్త్రీ చేద్దామని బీరువా తీశాను. వానలకి గోడంతా చెమ్మ పట్టింది. చీరల మధ్య వేసిన కలరా ఉండలకి ప్రాణం పోయినట్టుంది, వాసనే లేదు. కొత్త పేకెట్ మొత్తం విప్పి పోశాను.

నవంబరు 2, ఆదివారం

ద్రాక్షరసం నోటి దగ్గర పెట్టుకున్నాను. ఏమీ లేదు. తియ్యటి నీళ్ళు. ప్రార్థనలో తల వంచుకుని ఉన్నంతసేపూ ఒక్క ప్రార్థన కూడా చెయ్యలేదు, ముక్కుతో గాలి పీలుస్తూనే ఉన్నాను, పక్కావిడ పెట్టుకున్న మల్లెపూలైనా తగులుతాయేమోనని.

జలుబని ఎన్నాళ్ళు రాసుకుంటాను. ముక్కు కారడం లేదు, దిబ్బడ లేదు. ఆగస్టు పదిహేడు నుంచి నాకు వాసన తెలియడం లేదు.

అమ్మకీ ఇలాగే మొదలైంది. పాలు మాడి ఇల్లంతా పొగ కమ్ముకున్నా తెలిసేది కాదు. మేం నవ్వేవాళ్ళం, అమ్మకి ముక్కు లేదని. రెండేళ్ళకి మా పేర్లు పోయాయి. చివర్లో నన్ను "సిస్టరుగారండీ" అని పిలిచేది. నేను నర్సుని, ఇది దేనికి ముందు వస్తుందో చదువుకున్నదాన్ని. జ్వరం వల్ల కూడా పోతుంది, అదీ చదువుకున్నాను. రెంటిలో ఏదో చెప్పించుకోవాలంటే విశాఖ వెళ్ళి డాక్టరుకి చూపించుకోవాలి.

క్రిస్మస్ అయ్యాక వెళ్తాను.

నవంబరు 7, శుక్రవారం

పొద్దున్న ఆరింటి నుంచి సాయంత్రం నాలుగింటి దాకా కాల్చాం. నడుం పడిపోయింది. జెన్నీ తడిగుడ్డ ముక్కుకి కట్టుకుని పిండి కలిపింది, నేను చపాతీ కర్రతో వత్తి, మందుసీసా మూతతో గుండ్రంగా కోసి, ట్రేలో పేర్చాను. ఈసారి కాస్త బియ్యప్పిండి కలుపుదామంది, గుల్లగా వస్తాయని. ఆ మాట నిజమే, అమ్మ కూడా కలిపేది. నేను దానికి చెప్పలేదు, అదే కనిపెట్టింది.

ప్రతి ట్రేకీ అడిగింది. "దబ్బతొక్క సరిపోయిందా అత్తయ్యా?" సరిపోయింది. "వామాకు మాడిన వాసన రావట్లేదు కదా?" రావట్లేదు. రంగు చూసి చెప్పాను, గడియారం చూసి చెప్పాను. పద్దెనిమిది నిమిషాలు, అంచు ఎర్రబడగానే తియ్యడం. ఎక్కడా తేడా రాలేదు. ముక్కు లేకపోతే ఏమైంది, కళ్ళున్నాయి కదా అనుకున్నాను.

చల్లారాక అట్టపెట్టెల్లో సర్దింది, కాగితాలు మధ్యలో వేసి, ఎంతో ముచ్చటగా. వానల తర్వాత ఇల్లంతా ఎర్రచీమలు. బల్ల కాళ్ళ కింద నీళ్ళ పళ్ళేలు పెట్టి బల్ల మీదే ఉంచుదామంది జెన్నీ. నేనే వద్దన్నాను. చీమ దూరని చోటు ఇంట్లో ఒక్కటే, నా ఇనప బీరువా. తెల్లచీరలు పక్కకి జరిపి పెట్టెలన్నీ నా చేత్తో నేనే లోపల పేర్చి తాళం వేశాను.

నవంబరు 8, శనివారం

రాయాలి. రాయకపోతే రేపు ఇంకోలా రాసుకుంటాను.

పొద్దున్న ఆటో వచ్చాక బీరువా తీసి పెట్టెలు బయట పెట్టాను. జెన్నీ ఒకటి తెరిచి వెనక్కి నాలుగడుగులు వేసింది. "అత్తయ్యా, ఏదో కంపు."

నేను ఒక బిస్కట్టు తీసుకుని ముక్కు దగ్గర పెట్టుకుని గట్టిగా పీల్చాను. నాటకమే. కొరికి నమిలాను. తీపి, ఉప్పు, గుల్ల.

"ఏ కంపూ లేదు. నీ నెలలు అవి. కిరణ్ కడుపులో ఉన్నప్పుడు నాకు కొత్త పుస్తకాలు కూడా కంపు కొట్టేవి."

"నిజమేనా అత్తయ్యా? ఒకసారి మావయ్యగారికి ఇద్దామా?"

"ముప్పై నాలుగేళ్ళు ఆస్పత్రిలో చేశాను. నాకు తెలీదా? ఆటోవాడు అరుస్తున్నాడు, పద."

పద అన్నాను. నేనే అన్నాను.

జీడితోటలో ఉసిరిచెట్టు కింద పూజ అయ్యింది, చాపల మీద భోజనాలయ్యాయి. పులిహోర, గుమ్మడికాయ దప్పళం, అన్నీ. ఆఖర్న జెన్నీ పళ్ళెం పట్టుకుని వరసలో నడుస్తూ ఒక్కొక్కరికీ రెండేసి ఇచ్చింది. గులాబీ రంగు చీర కట్టుకుంది, మొహం కళకళలాడుతోంది. నేను చివర కూర్చుని చూస్తున్నాను. మొదటి వరసలో ఒకావిడ నోట్లో పెట్టుకుని ఆగిపోయింది. పక్కావిడ వైపు చూసింది. పక్కావిడ విస్తరాకు అంచు మెల్లగా మడిచింది. అందరూ చదువుకున్నవాళ్ళు, టీచర్లు, ఎవరూ ఏమీ అనలేదు. "బాగున్నాయమ్మా" అన్నారు కూడా. ఆకులు మాత్రం ఒకటి తర్వాత ఒకటి మడుచుకుంటున్నాయి. నాకు అర్థం కాలేదు.

రోజారమణి అత్తగారు అప్పయమ్మగారికి ఎనభై దాటాయి. ఆవిడకి మొహమాటాలేమీ లేవు. "ఓలమ్మా, ఏటే ఇది! నోట్లో ఎట్టుకుంటే బీరువా తలుపు తీసినట్టుంది! కలరా ఉండలేసి సేసేరేటే బిస్కట్లు?" అని తోటంతా వినపడేలా అని, తుపుక్కున ఉమ్మేసింది.

ఎవరో ఆపుకోలేక నవ్వారు. తర్వాత అందరూ నవ్వారు. రోజారమణి "అత్తయ్యా, ఊరుకోండి" అంటోంది, దాని మొహం కందిపోయింది. జెన్నీ పళ్ళెం కింద పెట్టలేదు, అలాగే పట్టుకుని నిలబడింది. నా వైపు చూసింది. ఆ చూపు గురించి రాయలేను.

ఆటోలో జెన్నీ అటు తిరిగి కూర్చుంది. ఇంటికొచ్చి తిన్నగా నా గదిలోకి వెళ్ళి బీరువా తలుపు తెరిచింది. కొంగు ముక్కుకి అడ్డం పెట్టుకుని లోపల తెల్లచీరల మధ్య పోసి ఉన్న ఉండల్ని చూసింది. చాలాసేపు చూసింది.

"వామాకు వేసినందుకా అత్తయ్యా?" అంది.

నాకు ముందు అర్థం కాలేదు. అర్థమయ్యేసరికి వెళ్ళిపోయింది.

నవంబరు 9, ఆదివారం

జెన్నీ చర్చికి రాలేదు. వేవిళ్ళని చెప్పాను అందరికీ.

నవంబరు 10, సోమవారం

కావాలని చేశాననుకుంటోంది. పొద్దున్న వాసన చూసి, తెలిసి, లేదని అబద్ధమాడి పదిమందిలో దాని పరువు తీశాననుకుంటోంది. దాని చోట నేనున్నా అలాగే అనుకుంటాను. వంటిల్లు నాదని చూపించుకోవడానికి అత్తలు ఇంతకంటే చిన్న పనులు చెయ్యడం నేను చూడలేదా?

ఒక్క మాటతో పోతుంది. నాకు వాసన రాదమ్మా అంటే చాలు. అంటే ఏమవుతుంది? జాలి పడుతుంది. కిరణ్‌కి చెబుతుంది. వాడు ఫోన్లో వెతుకుతాడు, అమ్మమ్మ సంగతి వాడికి గుర్తుంది. ఆ తర్వాత నేను ఒక పేరు తడుముకున్నా, పాలు పొంగించినా, ఇద్దరూ ఒకళ్ళ మొహం ఒకళ్ళు చూసుకుంటారు. అమ్మ విషయంలో మేం చూసుకున్నట్టు. పుట్టిన బిడ్డని నా చేతికి ఇవ్వడానికి ఆలోచిస్తారు.

చెడ్డ అత్తననుకోనీ. చెడ్డ అత్తలు బోలెడుమంది ఉన్నారు, వాళ్ళందరూ మనవల్ని ఎత్తుకుంటూనే ఉన్నారు.

ఇరవై రెండు పేర్లూ వచ్చాయి ఇవాళ.

నవంబరు 12, బుధవారం

కిరణ్ డ్యూటీ నుంచి వచ్చి చెప్పులు కూడా విప్పకుండా చెప్పాడు. నక్కపల్లి వెళ్ళిపోతారట, జెన్నీ పుట్టింటికి. పురుడయ్యేదాకా. తర్వాత సంగతి తర్వాత చూసుకుంటారట. "నాకు కంపెనీకి దగ్గరమ్మా, రోజూ బస్సు బాధ తప్పుద్ది" అన్నాడు గోడకి చెబుతున్నట్టు. ఏడో నెలలో తీసుకెళ్ళడం కదా ఆనవాయితీ అన్నాను. "ఇప్పుడు ఎవరూ అలాంటివి చూడట్లేదు" అన్నాడు.

ఆదివారం వెళ్తారు. ఓవెన్ ప్యాక్ చెయ్యడానికి పెట్టె తెచ్చాడు.

మంచిదే. దాని ఆరోగ్యానికీ మంచిది, తల్లి దగ్గర ఉంటుంది.

నవంబరు 13, గురువారం

మంచిది కాదు. వెళ్తే రారు.

సాయంత్రం పెరట్లో మెట్టు మీద కూర్చుంటే మా ఆయన బెన్హర్ వచ్చి పక్కన కూర్చున్నారు. డిపోలో మెకానిక్‌గా చేసినన్నాళ్ళూ ఇంజన్లతో తప్ప మనుషులతో మాట్లాడని మనిషి. జేబులోంచి చుట్ట తీసి నా కళ్ళ ముందే వెలిగించారు! చర్చిలో సంఘ పెద్ద. మానేశానని నా చేతిలో చెయ్యేసి చెప్పి ఏడేళ్ళయ్యింది.

"ఏమిటండీ ఇది?"

"ఆగస్టు నుంచి కాలుస్తన్నాను" అన్నారు. "నీ పక్కనే పడుకుంటన్నాను. నువ్వొక్కసారీ తిట్టలేదు. మొదట్లో సంబరపడ్డాను, పోనీలే క్షమించేసిందని. తర్వాత భయమేసింది. నువ్వు క్షమించే మనిషివి కాదు కదా."

నేను చుట్ట వైపే చూస్తున్నాను.

"బిస్కట్ల రోజునే చెబుదామనుకున్నాను ఆ పిల్లకి. నీ సంగతి నువ్వే చెప్పుకోవాలని ఊరుకున్నాను. బేగి చెప్పు కృపా. ఆదివారం ఎంతో దూరం లేదు."

మూడు నెలలుగా తెలిసి ఊరుకున్నారని కోపం వచ్చింది. చుట్ట లాక్కుని బకెట్లో పడేశాను. ఆయన ఏమీ అనుకోలేదు. పైగా కాస్త నవ్వారు.

నవంబరు 14, శుక్రవారం

జెన్నీ గదిలో బట్టలు మడత పెడుతోంది. ఓవెన్ పెట్టె తెరిచి పక్కన ఉంది. గుమ్మంలో నిలబడి చెప్పేశాను. ఎలా మొదలుపెట్టాలో రాత్రి ఆలోచించుకున్నదంతా పోయింది.

"నాకు వాసన రాదు జెన్నీ. ఆగస్టు నుంచి."

మడత ఆపలేదు. "ఇప్పుడు గుర్తొచ్చిందా అత్తయ్యా?"

"దేవుడి సాక్షిగా."

"ఆ రోజు ముక్కు దగ్గర పెట్టుకుని మరీ చెప్పేరు. ముప్పై నాలుగేళ్ళ సర్వీసు అన్నారు."

నిజమే. గుమ్మంలోనే నిలబడ్డాను. జెన్నీ లేచి చున్నీ తెచ్చి, "కూచోండి" అని నన్ను కుర్చీలో కూర్చోబెట్టి కళ్ళకి గంతలు కట్టింది. కోపంగానే కట్టింది, ముడి గట్టిగా పడింది. వంటింట్లోకి వెళ్ళొచ్చింది. ముక్కు కింద ఏదో పెట్టింది.

"కాఫీ పొడి" అన్నాను.

"మూత చప్పుడుకి చెప్పేరు."

అవును, మూత చప్పుడుకే. మళ్ళీ వెళ్ళింది. ఈసారి చప్పుడు లేదు. పీల్చాను. చల్లటి గాలి, అంతే. "దబ్బకాయ?" అన్నాను. సమాధానం లేదు. "వామాకా?" లేదు. "అల్లమా? సబ్బా?" పరీక్షలో తెలియని ప్రశ్నకి నోటికొచ్చింది చెప్పినట్టు చెబుతున్నాను, నాకే సిగ్గుగా ఉంది. చివరికి గంతలు నేనే లాగేసుకున్నాను.

బీరువాలోని కలరా ఉండ. రెండు అంగుళాల దూరంలో పట్టుకుని ఉంది. చెయ్యి బారుగా చాపి, మొహం అటు తిప్పుకుని, వాంతి ఆపుకుంటూ, కళ్ళమ్మట నీళ్ళు కారుతూ.

"అవతల పారెయ్! కడుపుతో ఉన్నదానివి!" అని అరిచాను. పెరట్లోకి పరిగెత్తింది. వెనకే వెళ్ళి తల పట్టుకున్నాను, నీళ్ళిచ్చాను. మెట్టు మీద కూర్చోబెట్టాక అడిగింది, ఎందుకు చెప్పలేదని. అమ్మ సంగతి చెప్పాను. మొదట వాసన, తర్వాత పేర్లు. రోజూ పొద్దున్న ఇరవై రెండు పేర్లు లెక్కపెట్టుకోవడం కూడా చెప్పాను. ఇది మా ఆయనకి కూడా తెలీదు.

"మీరు కావాలని చేసేరనుకున్నాను."

"తెలుసు."

"తెలిసీ ఊరుకున్నారా?"

"అది ఒప్పుకోవడం తేలిక, ఇది ఒప్పుకోవడం కంటే."

జెన్నీ నా చెయ్యి పట్టుకోలేదు, కౌగిలించుకోలేదు. "నాకు చాలా అవమానమైంది అత్తయ్యా" అంది. "ఆ ముసలమ్మగారు ఉమ్మేసినప్పుడు చచ్చిపోవాలనిపించింది." తప్పయిపోయిందన్నాను. నా జన్మలో ఆ మాట ఎన్నిసార్లు అన్నానో వేళ్ళ మీద లెక్కపెట్టొచ్చు. తల ఊపింది.

కిరణ్ వచ్చేసరికి ఓవెన్ పెట్టె ఖాళీగానే ఉంది. "ఇంకా సర్దలేదేం?" అన్నాడు. "ఏడో నెలలో సర్దుతాను. పెట్టె అటక మీద పడెయ్యి" అంది జెన్నీ.

నవంబరు 15, శనివారం

రోజారమణికి చెప్పాను. "ఆ రోజు బీరువా నువ్వు తెరిచేవు కాబట్టి సరిపోయింది, గ్యాస్ తెరిచుంటే?" అని నన్ను అరగంట తిట్టింది. తర్వాత ఏడ్చింది. తర్వాత మళ్ళీ తిట్టింది. వాళ్ళ అత్తగారు కార్తీకం వెళ్ళేలోగా మంచి బిస్కట్లు తినాలంటోందని చెప్పి వెళ్ళింది.

నవంబరు 19, బుధవారం

విశాఖ వెళ్ళొచ్చాం, నేనూ జెన్నీ. అంత దూరం బస్సులో వద్దంటే వినలేదు.

డాక్టరు కుర్రాడు, మర్యాదస్థుడు. జ్వరం వల్లే కావచ్చన్నాడు, నెలలు పట్టొచ్చు, అసలు రాకపోవచ్చు. రోజూ నాలుగు రకాలు వాసన చూస్తుండమన్నాడు, వచ్చినా రాకపోయినా. రెండోదాని గురించి నేను అడగలేదు. జెన్నీయే అడిగింది, మా అమ్మ సంగతంతా చెప్పి. ఇప్పుడే చెప్పలేమమ్మా, ఆర్నెల్లకోసారి చూద్దాం అన్నాడు. "చూద్దాం" అనే మాట నేను ఎంతమంది రోగుల మొహాన అన్నానో. ఇటువైపు నుంచి వింటే ఎంత బరువుగా ఉంటుందో ఇవాళ తెలిసింది.

భయంగా ఉంది. బస్సులో కిటికీ పక్కన జెన్నీ నిద్రపోయింది, నా భుజం మీద తల పెట్టి. అనకాపల్లి దాటాక ఏడ్చాను, దానికి తెలియకుండా.

నవంబరు 20, గురువారం

కార్తీకం ఆఖరు రోజు. అప్పయమ్మగారి బిస్కట్లు.

పిండి కలపడం నేను. వామాకు సన్నగా తరగడం, దబ్బతొక్క పైపైన పసుపు మాత్రమే తురమడం కూడా నేనే, కింది తెలుపు తగిలితే చేదు. ఓవెన్ వెలిగించాక జెన్నీ పెరటి చివర మునగచెట్టు దగ్గర కుర్చీ వేసుకుని కూర్చుంది. అంత దూరం నుంచైతే దానికి వాంతి రాదు, వాసన మాత్రం తెలుస్తుంది. మధ్యలో మా ఆయన నిలబడ్డారు, జెన్నీ మాటలు నాకు అందించడానికి. అదక్కడ అరుస్తుంటే ఇక్కడికి వినిపిస్తూనే ఉంది, అయినా ఆయన మళ్ళీ అరుస్తున్నారు.

"దబ్బకాయ వచ్చింది!"

"దబ్బకాయ వచ్చిందంట!"

"వామాకు వచ్చింది! వెన్న... అత్తయ్యా, తీసీండి, బేగి తీసీండి!"

పదహారు నిమిషాలకే. గడియారాన్ని నమ్ముకుంటే మాడేవి. రెండు ట్రేలు కాల్చాం. అన్నేసి రోజుల తర్వాత ఇంట్లో నవ్వులు. చల్లారాక ఒక పళ్ళెంలో పెట్టుకుని మునగచెట్టు దగ్గరికి వెళ్ళాను, దాని పక్కన కూర్చున్నాను. బస్సులో నిద్రపోయినప్పటి నుంచి గొంతులో ఉన్నది అడిగాను.

"నాకు పేర్లు తప్పితే, చేసిన పనే మళ్ళీ చేస్తే, నాకు చెప్పు. కిరణ్ చెప్పలేడు, మీ మావయ్య చెప్పరు. నువ్వు చెప్పు. నేను నీతో 'ఏమీ లేదు, బాగుంది' అన్నట్టు నువ్వు నాతో అనకు. నా మొహం చూసి ఆగిపోకు."

జెన్నీ బిస్కట్టు కొరికి నములుతోంది. నెమ్మదిగా, చాలాసేపు నమిలింది. ఏడుస్తుందేమో అనుకున్నాను.

"ఉప్పు వెయ్యలేదు అత్తయ్యా మీరు" అంది.

చిటికెడు ఉప్పు. ఎన్ని క్రిస్మస్‌లు చేశాను, ఎప్పుడూ మర్చిపోలేదు. ఆకూ తొక్కా హడావుడిలో పడి మర్చిపోయానా? లేక అదా? ఒకటి తీసి నాలుక మీద పెట్టుకున్నాను. నా నాలుక బాగానే పనిచేస్తుంది. ఉప్పు లేదు. కళ్ళలో నీళ్ళు తిరిగాయి. జెన్నీ నా మొహం చూసింది. చూసి కూడా మాట వెనక్కి తీసుకోలేదు.

"ఇవి మనం తిందాం. అప్పయమ్మగారికి మళ్ళీ చేద్దాం" అంది.

లోపలికి వచ్చి మళ్ళీ మైదా కొలిచాను. వెన్న, పంచదార. ఉప్పు చిటికెడు తీసి, గిన్నెలో వేస్తూ, "వేశాను" అని పైకి అన్నాను.

పెరట్లోంచి "విన్నాను" అంది.